పీఎస్2లో లెన్స్ పోతే గేమ్స్ పోయినట్టు కాదు

నెల్లూరు, ఒంగోలు వైపు పాత పీఎస్2 (సోనీ ప్లేస్టేషన్ 2 గేమ్ మెషీన్) ఉన్న ఇంట్లో దాన్ని అటక మీంచి దించి ఆన్ చేస్తే చాలాసార్లు జరిగేది ఒకటే. లైటు వెలుగుతుంది, మెనూ వస్తుంది, కంట్రోలర్ పనిచేస్తుంది, డిస్కు వేస్తే మాత్రం కాసేపు గిర్రున తిరిగి, ఆగి, మళ్లీ తిరిగి, చివరికి డిస్క్ రీడ్ ఎర్రర్ అంటుంది. అంతటితో మెషీన్ పోయిందనుకుని పాత సామాన్ల బండికి వేసేస్తున్నారు. ఇది తొందరపాటు. పోయింది డిస్కును చదివే లెన్స్, ఆట ఆడించే బోర్డు కాదు. ఆ లెన్స్‌తో పనే లేకుండా, ఇంట్లో ఉన్న డిస్కులనే బ్యాకప్ తీసి పెన్‌డ్రైవ్ నుంచో ఎస్‌డీ కార్డు నుంచో ఆడుకునే పద్ధతి ఇప్పటికి బాగా కుదురుకుంది. కాకపోతే కార్డు పెట్టగానే అన్నీ ఆడేస్తాయని అనుకుంటే మాత్రం నిరాశే. ఏ గేమ్ సాఫీగా నడుస్తుంది, ఏది ఆగి ఆగి నడుస్తుంది అనేదానికి ఒక లెక్క ఉంది. అది కార్డు సైజు మీద ఆధారపడదు, ఆ కార్డును కన్సోల్‌లో ఎక్కడ గుచ్చారన్నదాని మీద ఆధారపడుతుంది.

ముందు లెన్స్ సంగతి. పీఎస్2 జపాన్‌లో 2000 మార్చి 4న వచ్చింది, తయారీ ఆపేస్తున్నట్టు 2013 జనవరిలో ప్రకటించారు. 15 కోట్లకు పైగా అమ్ముడైన మెషీన్. అంటే అందరికంటే చివర కొన్నవాళ్ల దగ్గరున్నది కూడా ఇప్పుడు బాగా పాతబడిందే. లోపల కదిలే భాగాలు కొన్నే: డిస్కు తిప్పే మోటారు, లెన్స్‌ను ముందుకీ వెనక్కీ జరిపే పట్టా, ఫ్యాను. చిప్పులు కదలవు కాబట్టి ఏళ్ల తరబడి ఉంటాయి, అరిగేదీ మసకబారేదీ డిస్కు డ్రైవే. దానికి తోడు మన వాతావరణం. చీమకుర్తి చుట్టుపక్కల గ్రానైట్ దుమ్ము, కొత్తపట్నం, రామాయపట్నం, మైపాడు వైపు ఉప్పుగాలి, అక్టోబరు నుంచి డిసెంబరు దాకా ఈశాన్య రుతుపవనాల ముసురు. సన్నటి దుమ్ము లెన్స్ మీద పొరలా కూర్చుంటుంది, తేమకు కనెక్షన్లు తుప్పు పడతాయి, కవర్లో సరిగా పెట్టని డిస్కుల మీద బూజు మచ్చలు వస్తాయి. ఇలాంటప్పుడు కొందరు రిపేరు వాళ్లు డ్రైవులో లేజర్ పవర్‌ని పెంచే చిన్న స్క్రూను కాస్త తిప్పి ఇచ్చేస్తారు. గేమ్ వెంటనే నడుస్తుంది, కస్టమర్ సంతోషంగా వెళ్లిపోతాడు, కానీ అసలే అలసిపోయిన లేజర్ చేత ఇంకా ఎక్కువ పని చేయించడం వల్ల కొన్నాళ్లకు అది పూర్తిగా ఆరిపోతుంది. లెన్స్‌ను శుభ్రంగా తుడిచి చూడటం వరకు ఫరవాలేదు, ఆ స్క్రూ జోలికి పోకపోవడమే మంచిది.

మరి డిస్కు లేకుండా కన్సోల్‌ను ఎలా ఒప్పించాలి? సమాధానం కన్సోల్ పుట్టుకలోనే ఉంది. జపాన్‌లో వచ్చిన మొట్టమొదటి పీఎస్2 మోడల్‌లో సినిమాలు చూడటానికి కావాల్సిన డీవీడీ ప్లేయర్ సాఫ్ట్‌వేర్ మెషీన్ లోపల లేదు, దాన్ని మెమరీ కార్డులో పెట్టి ఇచ్చారు. అందుకని ఆన్ చేయగానే మెమరీ కార్డులో ఏదైనా అప్‌డేట్ ఉందేమో చూసే అలవాటును సిస్టమ్‌లోనే పెట్టారు. తర్వాతి మోడల్స్‌లో డీవీడీ ప్లేయర్ లోపలికి వచ్చేసినా ఈ అలవాటు మాత్రం అలాగే ఉండిపోయింది. 2008లో వచ్చిన ఫ్రీ ఎంసీ బూట్ అనే ఉచిత ప్రోగ్రామ్ సరిగ్గా దీన్నే వాడుకుంది. తానే ఆ అప్‌డేట్‌నని చెప్పుకుని, ఆన్ చేయగానే తన మెనూ తెచ్చి పెడుతుంది. కన్సోల్ విప్పక్కర్లేదు, సోల్డరింగ్ అక్కర్లేదు, ఒకప్పుడు వేయించినట్టు చిప్ వేయించక్కర్లేదు. కార్డు తీసేస్తే మెషీన్ మళ్లీ మామూలుగా అయిపోతుంది.

ఇక్కడ ఒక మెలిక ఉంది. పీఎస్2 మెమరీ కార్డుల్లో మ్యాజిక్‌గేట్ అనే రక్షణ ఉంటుంది, ఫ్రీ ఎంసీ బూట్ ఫైళ్లు ఆ ఒక్క కార్డుకే ముడిపడి ఇన్‌స్టాల్ అవుతాయి. అందుకే ఫ్రెండు కార్డులోంచి ఫైళ్లు కాపీ చేసుకుంటే పనిచేయదు, ఇన్‌స్టాలర్‌తోనే ఎక్కించాలి. ఇన్‌స్టాలర్ నడవాలంటే చాలావరకు అప్పటికే అలాంటి కార్డు ఉన్న మెషీన్ ఒకటి కావాలి. అందుకని చాలామంది మొదటి కార్డును రెడీగా ఎక్కించి ఉన్నదే కొంటారు, అందులో తప్పులేదు. కొనేటప్పుడు 8 ఎంబీ కార్డుకే ఓటు వేయాలి. ఎక్కువ సైజు ఉందని చెప్పి అమ్మే ఊరూపేరూ లేని కార్డుల్లో సేవ్‌లు చెడిపోవడం మామూలే, అసలు ఆ కార్డులో గేమ్స్ పెట్టేది లేదు కాబట్టి పెద్ద సైజుతో ఒరిగేదీ లేదు.

మీ మోడల్ నంబరు కూడా చూసుకోవాలి. వెనక స్టిక్కర్ మీద ఎస్‌సీపీహెచ్ తర్వాత 90 వేల సిరీస్ అంకె ఉంటే అది చివరి స్లిమ్, అందులో కొన్నింటిలో 2.30 బయాస్ (కన్సోల్ లోపలే ఉండే మూల సాఫ్ట్‌వేర్) వచ్చాక ఆ అప్‌డేట్ దారి మూసేశారు. వాటిలో ఫ్రీ ఎంసీ బూట్ లేవదు. దానికి ఓపెన్‌ట్యూనా అనే వేరే పద్ధతి ఉంది. కన్సోల్ సొంత మెనూలోని బ్రౌజర్‌లో మెమరీ కార్డు తెరిచినప్పుడు సేవ్‌ల బొమ్మలు గిరగిరా తిరుగుతూ కనిపిస్తాయి కదా, ఆ బొమ్మ ఫైలును చదివేటప్పుడు సిస్టమ్ చేసే పొరపాటును అది వాడుకుంటుంది. ఆన్ చేసిన ప్రతిసారీ బ్రౌజర్‌లోకి వెళ్లి కార్డు తెరవాలి, అంతే తేడా. 2020లో డీవీడీ ప్లేయర్‌లోని లోపంతో నడిచే ఫ్రీ డీవీడీ బూట్ కూడా వచ్చింది, మంచి పనే కానీ దానికి డిస్కు చదవగలిగే లెన్స్ కావాలి, మనకు లేనిదే అది.

కార్డు లేచాక అసలు పని చేసేది ఓపెన్ పీఎస్2 లోడర్, అందరూ ఓపీఎల్ అంటారు. గేమ్ నడిచేటప్పుడు "డిస్కులో ఫలానా చోటున్న డేటా ఇవ్వు" అని డ్రైవును అడుగుతూ ఉంటుంది. ఆ అడిగే మాటను అందుకునే సిస్టమ్ భాగాన్ని ఓపీఎల్ తీసేసి తన భాగాన్ని పెడుతుంది, అది డ్రైవుకు బదులు మీ పెన్‌డ్రైవ్‌లోనో ఎస్‌డీ కార్డులోనో ఉన్న ఐఎస్ఓ ఫైలు (డిస్కు మొత్తాన్ని ఒక్క ఫైలుగా తీసిన కాపీ) నుంచి డేటా తెచ్చి ఇస్తుంది. గేమ్‌కు తేడా తెలియదు. తెలియకూడదు అనాలి, ఎందుకంటే కొన్నిసార్లు తెలిసిపోతుంది. డ్రైవు, కంట్రోలర్లు, మెమరీ కార్డుల వంటి పనులు చూసుకునే రెండో ప్రాసెసర్‌కు ఉన్న మెమరీ మొత్తం 2 ఎంబీ. గేమ్ తన సరుకంతా అందులో సర్దుకున్నాక ఓపీఎల్ కూడా అక్కడే చోటు చేసుకోవాలి. చోటు చాలకపోతే గేమ్ నల్ల స్క్రీన్ మీదే ఆగిపోతుంది. ఇంకొన్ని గేమ్స్ డ్రైవు ఎంత టైములో జవాబిస్తుందో లెక్కపెట్టుకుని రాసినవి, వాటికి జవాబు తొందరగా వచ్చినా ఇబ్బందే. వీటి కోసమే ఓపీఎల్‌లో ఒక్కో గేమ్‌కు విడిగా పెట్టుకునే మోడ్‌లు ఉన్నాయి. గేమ్ లేవకపోతే ఐఎస్ఓ పాడైందని వెంటనే డిలీట్ చేయకుండా ముందు ఆ మోడ్‌లు ఒక్కొక్కటిగా మార్చి చూడాలి.

ఇప్పుడు వేగం లెక్క. పీఎస్2 డ్రైవు డీవీడీని 4 రెట్ల వేగంతో చదువుతుంది, అంటే సెకనుకు దాదాపు 5.5 ఎంబీ. గేమ్ తయారుచేసినవాళ్లు ఆ వేగం ఉంటుందన్న నమ్మకంతోనే అన్నీ అమర్చారు. కన్సోల్ ముందున్న యూఎస్‌బీ పోర్టు 1.1 రకం, కాగితం మీద సెకనుకు 12 మెగాబిట్లు, అంటే 1.5 ఎంబీ. ఆచరణలో 1 ఎంబీ అటూ ఇటూ. సోమశిలలో నీళ్లు ఎంత నిండుగా ఉన్నా కావలి కాలవ వెడల్పు ఎంతో అంతే పొలానికి పారేది, ఇక్కడా అంతే. పెన్‌డ్రైవ్ 3.0 అయినా, దాని మీద ఎంత గొప్ప వేగం రాసి ఉన్నా, పోర్టు ఇచ్చేది ఆ 1 ఎంబీనే. ఖరీదైన పెన్‌డ్రైవ్ కొనడం ఇక్కడ శుద్ధ దండగ.

ఆ 1 ఎంబీ ఏ గేమ్‌కు సరిపోతుందనేది గేమ్ తీరును బట్టి ఉంటుంది. క్రికెట్ 07 లాంటి మ్యాచ్ గేమ్స్ స్టేడియాన్ని, ఆటగాళ్లను మొదట్లోనే చాలావరకు లోడ్ చేసుకుంటాయి. లోడింగ్ స్క్రీన్ దగ్గర ఇంకాస్త ఎక్కువసేపు కూర్చోవాలి, మ్యాచ్ మొదలయ్యాక పెద్ద ఇబ్బంది ఉండదు. ఫైటింగ్ గేమ్స్ కూడా అంతే. వీడియోలు ఎక్కువగా ఉన్న గేమ్స్‌తో బాధ మొదలవుతుంది: ఒక వీడియోకు సెకనుకు 8 మెగాబిట్లు కావాలనుకుంటే అదే 1 ఎంబీ అయిపోయింది, ఇక మిగతా డేటాకు చోటెక్కడ, అందుకే బొమ్మ ముక్కలు ముక్కలుగా, మాట ఒకచోట పెదాలు ఒకచోటగా వస్తుంది. అన్నింటికంటే కష్టం జీటీఏ శాన్ ఆండ్రియాస్ లాంటివి. అందులో లోడింగ్ అని విడిగా ఏమీ కనపడదు, మీరు బండి మీద వెళ్తూ ఉంటే ముందున్న వీధులు, ఇళ్లు, కార్లు, రేడియోలో పాట అన్నీ అప్పటికప్పుడు డిస్కులోంచి వస్తూ ఉంటాయి. నెమ్మదిగా నడిచి వెళ్తే బాగానే ఉంటుంది, స్పీడుగా పోతే రోడ్డు మీరు చేరాక వస్తుంది. ఈ గేమ్‌ను యూఎస్‌బీలో ఆడి "ఓపీఎల్ వేస్ట్" అని తీర్మానించేవాళ్లు చాలామంది. ఓపీఎల్ తప్పు అందులో ఏమీ లేదు.

ఈ ఇబ్బందికి కొంత మందు మెమరీ కార్డు స్లాటే. ఎస్‌డీ కార్డులను ఎస్‌పీఐ అనే సాదా పద్ధతిలో కూడా చదవొచ్చు, పీఎస్2 మెమరీ కార్డు స్లాట్‌లో ఉన్న వైర్లు దాదాపు అలాంటి పద్ధతిలోనే మాట్లాడతాయి. ఈ రెండింటినీ కలుపుతూ ఎంఎక్స్4ఎస్ఐఓ అనే చిన్న అడాప్టర్ చేశారు. చూడటానికి మెమరీ కార్డులాగే ఉంటుంది, అందులో ఎస్‌డీ కార్డు గుచ్చి రెండో స్లాట్‌లో పెడతారు, మొదటి స్లాట్‌లో ఫ్రీ ఎంసీ బూట్ కార్డు ఉంటుంది, సేవ్‌లు కూడా అందులోకే వెళ్తాయి. వేగం యూఎస్‌బీ కంటే మెరుగు, డీవీడీని మాత్రం అందుకోదు. వీడియోల్లో తేడా కళ్లకు కనిపిస్తుంది. అయితే కంట్రోలర్లు, మెమరీ కార్డులు లోపల ఒకే లైన్ మీద మాట్లాడతాయి కాబట్టి కొన్ని గేమ్స్‌లో తంటాలు వస్తాయి, కొన్ని కంపెనీల ఎస్‌డీ కార్డులు ఎంతకీ కుదరవు. కార్డు మీద క్లాస్ 10 అని ఉందా, ఇంకా పెద్దదేదైనా ఉందా అన్నది ఇక్కడ పట్టించుకోనక్కర్లేదు. ఒరిజినల్ కార్డా కాదా అన్నదే ముఖ్యం. 64 జీబీ అని రాసి లోపల 8 జీబీ పెట్టిన నకిలీలు బజార్లో దొరుకుతున్నాయి, హెచ్2టెస్ట్‌డబ్ల్యూ అనే ఉచిత ప్రోగ్రామ్‌తో ఒకసారి కార్డు నిండా రాయించి చదివిస్తే బండారం బయటపడుతుంది.

వేగమే ముఖ్యం అనుకునేవాళ్లకు ఇంకా మంచి దారులున్నాయి. వెనకాల హార్డ్‌డిస్క్ పెట్టుకునే అర ఉన్న పాత లావు మోడల్, అంటే 30 వేల, 50 వేల సిరీస్‌లు, మీ దగ్గరుంటే దానికి నెట్‌వర్క్ అడాప్టర్ సంపాదించి హార్డ్‌డిస్క్ తగిలించడం అన్నింటికంటే ఉత్తమం, శాన్ ఆండ్రియాస్ హాయిగా నడుస్తుంది. స్లిమ్‌లో ఆ అర లేదు, కానీ ఈథర్నెట్ పోర్టు ఉంది. కంప్యూటర్‌లో ఐఎస్ఓలు పెట్టి కేబుల్ కలిపితే యూఎస్‌బీ కంటే ఎంతో బాగా నడుస్తుంది. దానికి వాడే, నెట్‌వర్క్‌లో ఫైళ్లు పంచుకునే పాత పద్ధతి ఎస్ఎంబీ1ను విండోస్ 10లో 2017 చివర్లో వచ్చిన వెర్షన్ నుంచి డీఫాల్ట్‌గా ఇన్‌స్టాల్ చేయడం మానేశారు. అదే సంవత్సరం మే నెలలో వానాక్రై వైరస్ ఆ సందులోంచే పాకింది. కాబట్టి ఇంట్లో బ్యాంకు పనులు చేసుకునే కంప్యూటర్‌లో గేమ్ కోసం దాన్ని మళ్లీ తెరవడం సరికాదు, నెట్‌కు తగిలించని పాత ల్యాప్‌టాప్ ఉంటే అది వాడుకోండి.

ఎస్‌డీ కార్డును సిద్ధం చేయడంలో రెండు విషయాలు గుర్తుంచుకుంటే చాలు. ఓపీఎల్ పాత వెర్షన్లకు ఫ్యాట్32 అనే ఫార్మాట్ ఒక్కటే తెలుసు, అందులో ఒక్క ఫైలు 4 జీబీ దాటకూడదు. గాడ్ ఆఫ్ వార్ 2 రెండు పొరల డీవీడీ, 4 జీబీలో పట్టే ప్రసక్తే లేదు, అలాంటివాటిని ముక్కలు చేసి ఎక్కించాల్సి వచ్చేది. కొత్త 1.2 బీటా వెర్షన్లు ఎక్స్‌ఫ్యాట్ అనే ఫార్మాట్‌ను కూడా చదువుతాయి కాబట్టి ఆ గొడవ పోయింది. రెండోది, ఐఎస్ఓ ఫైలు కార్డులో ఒకే వరుసలో ఉండాలి. రోజుకో గేమ్ డిలీట్ చేస్తూ కొత్తది ఎక్కిస్తూ ఉంటే ఫైలు అక్కడొక ముక్క ఇక్కడొక ముక్కగా చెదిరిపోతుంది, ఓపీఎల్ దాన్ని నడపనంటుంది. మార్చాలనుకున్నప్పుడల్లా కార్డు మొత్తం ఫార్మాట్ చేసి అన్నీ ఒకేసారి మళ్లీ కాపీ చేయడమే తేలిక. డీవీడీ గేమ్స్ డీవీడీ ఫోల్డర్‌లో, అడుగు నీలంగా ఉండే సీడీ గేమ్స్ సీడీ ఫోల్డర్‌లో పెట్టాలి.

బ్యాకప్ తీయడం అందరూ భయపడేంత కష్టం కాదు. పీఎస్2 డీవీడీ గేమ్‌ను మామూలు కంప్యూటర్ డీవీడీ డ్రైవు చదివేస్తుంది, ఒరిజినలా కాదా అనే పరీక్ష కన్సోల్ డ్రైవు చేసేదే తప్ప డేటాకు తాళం ఏమీ లేదు. ఇప్పటి ల్యాప్‌టాపుల్లో డ్రైవు ఉండదు కాబట్టి యూఎస్‌బీతో తగిలించే డీవీడీ రైటర్ కావాలి. ఇమ్‌గ్‌బర్న్ లాంటి ప్రోగ్రామ్‌తో ఐఎస్ఓ తీసుకుని, వచ్చిన ఫైలు హ్యాష్‌ను (ఫైలుకు వేలిముద్ర లాంటి అంకెను) రీడంప్ అనే వెబ్‌సైట్ జాబితాలో ఉన్నదానితో పోల్చి చూస్తే కాపీ సరిగ్గా వచ్చిందో లేదో తేలిపోతుంది. గీతలు పడ్డ డిస్కుల విషయంలో ఈ ఆఖరి పని తప్పకుండా చేయాలి, లేకపోతే ఎనిమిది గంటలు ఆడాక ఏ లెవెల్ దగ్గరో గేమ్ ఆగిపోయి కారణం అంతుపట్టదు.

నెల్లూరు నుంచి పొద్దున రైలెక్కి సాయంత్రానికి తిరిగొచ్చేంత దూరంలోనే చెన్నై రిచీ స్ట్రీట్ ఉంది, ఆన్‌లైన్‌లోనూ ఇవన్నీ దొరుకుతాయి, వందల గేమ్స్ ముందే ఎక్కించిన కార్డులతో సహా. అవి కొనడం, మన డిస్కును మనం బ్యాకప్ తీసుకోవడం ఒకటి కాదు. 1957 కాపీరైట్ చట్టంలో 52(1)(ఏఏ) సెక్షన్, కంప్యూటర్ ప్రోగ్రామ్ కాపీ చట్టబద్ధంగా దగ్గరున్నవారు అది పోకుండా, పాడవకుండా తాత్కాలిక రక్షణ కోసం బ్యాకప్ తీసుకోవచ్చని చెబుతుంది. 2012 సవరణలో వచ్చిన 65ఏ సెక్షన్ రక్షణ తాళాలను ఛేదించడాన్ని నేరం చేసింది కానీ, హక్కులను ఉల్లంఘించే ఉద్దేశంతో చేస్తేనే. నకిలీ ప్రోగ్రామ్ అని తెలిసి వాడటం మాత్రం 63బీ కింద శిక్షకు లోనయ్యే పని. డిస్కు అమ్మేసి ఐఎస్ఓ అట్టేపెట్టుకోవడం, ఫ్రెండ్స్‌కు పంచడం ఈ మినహాయింపు కిందికి రావు. అదీకాక, ఆ ముందే ఎక్కించిన కార్డుల్లో ఐఎస్ఓలు ఎక్కడివో, ఎవరు ఏం కోసి కుదించారో తెలియదు. సైజు తగ్గించడానికి వీడియోలు, పాటలు పీకేసినవి వాటిలో బోలెడు.

మన డిస్కులు మనమే కాపాడుకోవాలని గట్టిగా చెప్పడానికి ఇంకో కారణం ఉంది. 2009లో వచ్చిన హనుమాన్: బాయ్ వారియర్ పీఎస్2 గేమ్‌ను తయారుచేసింది హైదరాబాద్‌లోని ఆరోనా టెక్నాలజీస్. కబడ్డీ, గిల్లీ దండా లాంటి ఆటలతో వచ్చిన దేశీ అడ్డా కూడా హైదరాబాద్‌లోని గేమ్‌శాస్త్ర చేసిందే. జీటీఏ ఐఎస్ఓను ప్రపంచంలో ఎవరో ఒకరు ఎలాగూ దాచి ఉంచుతారు, వీటి సంగతి అలా కాదు. కనిగిరిలోనో గూడూరులోనో ఎవరింట్లోనైనా వీటి ఒరిజినల్ డిస్కు ఉంటే, ఆడినా ఆడకపోయినా ముందు దాన్ని కంప్యూటర్‌లోకి ఎక్కించి రెండు చోట్ల పెట్టండి. గేమ్ గొప్పదా కాదా అన్న చర్చ తర్వాత.

విదేశాల నుంచి బంధువులు తెచ్చిచ్చిన మెషీన్ అయితే స్విచ్ వేసే ముందు వెనక స్టిక్కర్ చదవాలి. అమెరికా లావు మోడల్ 120 వోల్టులది, మన 230లో నేరుగా పెడితే క్షణంలో పోతుంది, స్టెప్‌డౌన్ ట్రాన్స్‌ఫార్మర్ తప్పదు. 70 వేల సిరీస్ స్లిమ్‌కు 8.5 వోల్టుల అడాప్టర్ బయట విడిగా ఉంటుంది, దాన్ని మారిస్తే సరిపోతుంది.

సేవ్‌ల విషయం చాలామంది మరిచిపోతారు. డిస్కు పోతే ఇంకోటి దొరకొచ్చు, పదిహేనేళ్ల కిందట అన్నదమ్ములు కలిసి ఆడిన సేవ్ మళ్లీ దొరకదు, అది ఉన్నది ఒక పాత 8 ఎంబీ కార్డులో, ఆ కార్డూ ముసలిదవుతోంది. ఫ్రీ ఎంసీ బూట్ మెనూలో యూలాంచ్‌ఈఎల్ఎఫ్ అనే ఫైల్ మేనేజర్ ఉంటుంది. పాత కార్డును రెండో స్లాట్‌లో పెట్టి, పెన్‌డ్రైవ్ గుచ్చి, అందులో ఉన్న ఫోల్డర్లన్నీ కాపీ చేసుకోండి. చిన్న ఫైళ్లే కాబట్టి ఆ యూఎస్‌బీ పోర్టు వేగం ఈ పనికి సరిపోతుంది. కొత్త కార్డులో ఏ ఇన్‌స్టాల్ అయినా మొదలుపెట్టే ముందే ఈ పని ముగించాలి.